చెవిలో పుట్టే మూడవ స్వరము: మేరీఆన్ అమాకర్ సంగీతముపై ఒక పరిశీలన

కంపించే వస్తువు లేనిదే శబ్దము లేదు. ఉన్నత పాఠశాలలో ధ్వనిని గురించి విద్యార్థి నేర్చుకొనే మొదటి మాట ఇది. గుడిగంట కంపిస్తుంది, ఆ కంపనాన్ని గాలి మోసుకొని వస్తుంది, చెవి దానిని అందుకొంటుంది. ఈ వరుసలో చెవికి మిగిలిన పని చాలా స్వల్పము. తపాలా బంట్రోతు తెచ్చిన ఉత్తరాన్ని గడపలో నిలబడి అందుకొనే ఇంటి యజమాని పని వంటిదది. ఉత్తరము వ్రాసే పని గాని, అందులో ఒక పంక్తి చేర్చే పని గాని అతనికి లేదు.

కాని ఆ యజమాని ఉత్తరము విప్పుతూనే, తనకు తెలియకుండానే, అందులో ఒక పంక్తి తానే చేర్చి, దానిని కూడ పంపినవారే వ్రాసినట్లు చదువుకొంటున్నాడని తేలితే? మనిషి చెవి చేసే పని దాదాపు ఇటువంటిదే. ఈ సంగతి శాస్త్రజ్ఞులకు చాలా కాలముగా తెలుసు. వారిలో పలువురు దానిని చెవికి గల ఒక చిన్న లోపముగానే ఎంచినారు. ఆ లోపాన్ని ఒక వాద్యముగా భావించి, ఆ వాద్యము కోసమే సంగీతము కూర్చిన వ్యక్తి అమెరికా దేశపు స్వరకర్త మేరీఆన్ అమాకర్. ఆమె కృషిలో శాస్త్రము ఎంత, కళ ఎంత, అతిశయోక్తి ఎంత అన్నది పరిశీలింపదగిన విషయము.

స్వరకర్త కృషి

అమాకర్ 1938లో పెన్సిల్వేనియా రాష్ట్రములోని కేన్ అనే ఊరిలో జన్మించినది. పెన్సిల్వేనియా విశ్వవిద్యాలయములో సంగీతము అభ్యసించినది. అక్కడ ఆమెకు బోధించిన వారిలో జర్మన్ స్వరకర్త కార్ల్‌హైంజ్ స్టాక్‌హౌజెన్ ఒకరు. విద్యుత్ పరికరాలతో శబ్దాలను తయారుచేసి వాటితో సంగీతము కూర్చే పద్ధతి అప్పటికి కొత్తది. ఆ పద్ధతికి బాటలు వేసినవారిలో ఆయన ముఖ్యుడు. తరువాత ఆమె ఇల్లినాయ్ విశ్వవిద్యాలయములో ధ్వనిశాస్త్రము, కంప్యూటరు శాస్త్రము కూడ చదివినది. సంగీతజ్ఞులలో ఇటువంటి చదువు ఆ రోజులలో అరుదు.

ఆమె మొదటి ప్రసిద్ధ రచన 1967 నాటిది. బఫెలో నగరములో పలుచోట్ల మైక్రోఫోన్లు అమర్చి, ఆ చోట్ల శబ్దాలను టెలిఫోను తీగల ద్వారా ఒక రేడియో కేంద్రానికి రప్పించి, 28 గంటలపాటు కలిపి ప్రసారము చేసినది. దీనితో మొదలైన రచనల వరుసకు ‘సిటీ లింక్స్’, అనగా నగర బంధాలు, అని పేరు. 1970లలో మసాచుసెట్స్ సాంకేతిక విద్యాసంస్థలో ఉన్న కాలములో బోస్టన్ ఓడరేవులో ఒక మైక్రోఫోను పెట్టి, అక్కడి శబ్దము రాత్రింబగళ్లు తన పనిగదిలో వినబడేటట్లు ఏర్పాటు చేసుకొన్నది. ఎదుట లేని స్థలాన్ని చెవి ఎట్లా గుర్తుపడుతుంది, దూరాన్ని ఎట్లా కొలుస్తుంది అన్న ప్రశ్నలు ఆ ఏర్పాటు వెనుక ఉన్నవి. 1975లో జాన్ కేజ్ అనే ప్రసిద్ధ స్వరకర్త రచనకు వాతావరణ శబ్దాలను సమకూర్చినది. మెర్స్ కనింగ్‌హామ్ నృత్యబృందానికి కూడ ఆమె సంగీతము సమకూర్చినది.

1980లో మినెసోటా రాష్ట్రములోని సెయింట్ పాల్ నగరములో ఆమె ఒక ఇంటినంతటినీ సంగీతశాలగా మార్చినది. లౌడ్ స్పీకర్లను శ్రోతల వైపు త్రిప్పి పెట్టక, శబ్దము గోడల ద్వారా, నేల ద్వారా ప్రయాణము చేసి గదులలోకి వచ్చేటట్లు అమర్చినది. శ్రోతలు ఒకచోట కూర్చొనక గది నుంచి గదికి నడుస్తూ వినవలసి ఉండేది. బల్లకు చెవి ఆనించి, రెండవ కొనను గోటితో గీకినప్పుడు వినబడే శబ్దము గాలిలో వినబడే దాని కంటె ఎంత స్పష్టముగా ఉంటుందో ఎరిగిన విద్యార్థికి ఈ ఏర్పాటులోని సూత్రము కొత్తది కాదు.

అయితే ఆమె కృషిలో అన్నిటి కంటె ఎక్కువ చర్చకు గురియైనది చెవిలో పుట్టే స్వరాలతో చేసిన సంగీతము. దానిని విమర్శించే ముందు ఆ స్వరాల చరిత్ర కొంత తెలుసుకొనవలెను.

టార్టీనీ నుంచి కెంప్ వరకు

ఇటలీ దేశపు వయొలిన్ విద్వాంసుడు జ్యుసెప్పె టార్టీనీ 18వ శతాబ్ది ఆరంభములో ఒక వింత గమనించినాడు. వయొలిన్ మీద రెండు స్వరాలను ఒకేసారి గట్టిగా పలికించినప్పుడు, వాటి కంటె క్రింది స్థాయిలో మూడవ స్వరము ఒకటి వినబడినది. ఆయన దానిని ‘మూడవ ధ్వని’ అని పిలిచి, 1754లో ప్రకటించిన సంగీత గ్రంథములో వివరించినాడు. శిష్యులు రెండు తీగలను సరియైన శ్రుతిలో పట్టినారో లేదో తెలుసుకొనుటకు ఈ మూడవ ధ్వని ఆయనకు ఉపయోగపడేది.

ఆ స్వరము ఎక్కడిది? 1800లో ఇంగ్లండులో థామస్ యంగ్ ఒక సమాధానము చెప్పినాడు. దాదాపు సమానమైన రెండు స్వరాలు కలిసినప్పుడు శబ్దము పెరుగుతూ, తగ్గుతూ వినబడుతుంది. వీటినే విస్పందనాలు అంటారు. 440, 444 కంపనాల స్వరాలు కలిస్తే సెకనుకు 4 విస్పందనాలు వస్తాయి. అవి చాలా వేగముగా వచ్చినప్పుడు చెవి వాటినే ఒక స్వరముగా భావిస్తుందని యంగ్ అభిప్రాయము. ఇది వినుటకు సులభమైన వివరణ. అయినను చాలదు. విస్పందనములో ఉన్న స్వరమే హెచ్చుతగ్గులు పొందుతున్నది. కొత్త పౌనఃపున్యము ఏదీ గాలిలో పుట్టడము లేదు. పైగా మూడవ స్వరాలలో ఒకటి రెండు స్వరాల భేదానికి సమానము కానే కాదు. 1000, 1200 కంపనాల స్వరాలను వినిపించినప్పుడు 200 కంపనాల భేదస్వరముతో పాటు 800 కంపనాల స్వరము కూడ వినబడుతుంది. చిన్న సంఖ్యను రెండింతలు చేసి, పెద్ద సంఖ్యను తీసివేస్తే ఈ 800 వస్తుంది. విస్పందనాలతో దీనిని వివరించలేము.

1863లో జర్మన్ శాస్త్రజ్ఞుడు హెల్మ్‌హోల్ట్జ్ సరియైన దారి చూపినాడు. స్ప్రింగు త్రాసు మంచిదైతే ఒక కిలో బరువుకు ఎంత సాగుతుందో రెండు కిలోలకు దానికి రెండింతలు సాగుతుంది. పాతబడి వదులైన త్రాసు అట్లా సాగదు. చెవి కూడ ఇటువంటి త్రాసే అన్నాడాయన. ఎంత బలముతో నెట్టితే అంత నిష్పత్తిలో కదలని యంత్రములోనికి రెండు స్వరాలు ఒకేసారి ప్రవేశిస్తే, వాటి మొత్తముతోను, భేదముతోను సంబంధించిన కొత్త స్వరాలు పుట్టి తీరుతాయి. రేడియో పనివారు డిస్టార్షన్ అని పిలిచేది ఇదే. అయితే హెల్మ్‌హోల్ట్జ్ ఈ లోపాన్ని కర్ణభేరిలోను, మధ్యచెవి ఎముకలలోను వెదికినాడు. అసలు స్థానము ఇంకా లోపల ఉన్నది.

లోపలి చెవిలో నత్తగుల్ల ఆకారములో కర్ణావర్తము ఉన్నది. అందులో సుమారు 35 మిల్లీమీటర్ల పొడవు గల ఒక పొర, ఆ పొర మీద వరుసలుగా రోమకణాలు ఉన్నవి. లోపలి వరుసలోని సుమారు 3,500 కణాలు మెదడుకు వార్త పంపుతాయి. వెలుపలి వరుసలలోని సుమారు 12,000 కణాల పని చాలా కాలము అంతుపట్టలేదు. పొర మీద ధ్వనితరంగము ఎట్లా నడుస్తుందో చూపినందుకు బెకెషీ 1961లో నోబెల్ బహుమతి పొందినాడు. కాని ఆయన ముఖ్యముగా పరీక్షించినది మృతుల చెవులను. బ్రతికిన చెవి తన సొంత శక్తితో శబ్దాన్ని పెంచుకొంటుందని 1948లోనే థామస్ గోల్డ్ అన్నాడు. అప్పుడు ఆ మాటను పట్టించుకొన్నవారు తక్కువ. 1978లో లండనులో డేవిడ్ కెంప్ చెవి రంధ్రములో చిన్న మైక్రోఫోను ఉంచి, టిక్కుమనే శబ్దాన్ని వినిపించినాడు. కొన్ని మిల్లీసెకన్ల తరువాత చెవి లోపలి నుంచి సన్నని శబ్దము తిరిగి వచ్చినది. వెలుపలి రోమకణాలు విద్యుత్తుకు స్పందించి పొట్టిగా, పొడుగుగా మారుతూ పొరను ఊపుతున్నవని 1980లలో తెలిసినది. మెల్లని శబ్దాన్ని అవి ఎక్కువగా పెంచుతాయి; గట్టి శబ్దాన్ని దాదాపు పెంచవు. ఈ అసమానతలో నుంచే మూడవ స్వరము పుట్టుతున్నది.

అమాకర్ చేసినదేమి?

కెంప్ ప్రయోగము వెలువడక ముందే, 1970లలోనే, అమాకర్ ఈ స్వరాలను వరుసగా పరీక్షించి, ఏ రెండు స్వరాలను కలిపితే చెవిలో ఏ స్వరము పుట్టుతుందో పుస్తకాలలో వ్రాసుకొన్నది. సంగీతములో ఇవి అంతకు ముందు కూడ ఉన్నవి. కాని ఎప్పుడూ అనుకోకుండా వచ్చి చేరినవే. స్వరకర్త వాటిని కోరి రప్పించి, వాటికి లయను, నడకను ఇవ్వవలెనని ఆమె వాదము. పక్కవాద్యమువలె మూల నుంచి తీసుకొని వచ్చి, చెవి స్వరాన్ని వేదిక మధ్యలో కూర్చోబెట్టినదన్న మాట.

ఈ సంగీతము చాలా భాగము 1999లో వెలువడిన ‘సౌండ్ కారెక్టర్స్’ అనే డిస్కులో ఉన్నది. ‘మూడవ చెవిని తయారుచేయుట’ అన్న అర్థము గల ఉపశీర్షిక దానికి ఉన్నది. అందులో పదునైన, పొట్టి స్వరాలు మిక్కిలి వేగముగా, ఒకే అల్లికను మరల మరల అల్లుతూ సాగుతవి. మెల్లగా పెడితే అది పిల్లల బొమ్మ పియానో మ్రోత వలె ఉంటుంది. అందులో రసము తక్కువ. తగిన స్థాయికి పెంచినప్పుడు పరిస్థితి మారుతుంది. లౌడ్ స్పీకరు నుంచి వచ్చే స్వరాలు గది అవతల ఉండగా, వాటి కంటె క్రింది స్థాయి గల మరొక స్వరశ్రేణి శ్రోత తల చుట్టూ, చెవుల దగ్గరనే గుమురుతూ వినబడుతుంది. శబ్దము ఆపగానే అదీ ఆగిపోతుంది. పై పొర గదిలో, క్రింది పొర తలలో. రెండింటికి మధ్య దూరమే ఆ రచన రూపము. ఇటువంటి రూపము గల సంగీతము ఆమెకు ముందు లేదని చెప్పవచ్చును.

తంబురాతో పోల్చితే ఈ భేదము తెలుగు విద్యార్థికి సులభముగా బోధపడుతుంది. తంబురా మీటినప్పుడు జీవాళి పోగు వలన తీగలోని అతిస్వరాలు విచ్చుకొని, మీటని స్వరము కూడ వినబడుతుంది. సి. వి. రామన్ 1921లో ఈ విశేషాన్ని శాస్త్రీయముగా పరిశీలించినాడు. కాని తంబురా అతిస్వరాలు గాలిలో ఉన్నవి. మైక్రోఫోను వాటిని పట్టుకొంటుంది. అమాకర్ మూడవ స్వరము గాలిలో లేదు. డిస్కును ఎంత శోధించినా అది దొరకదు.

తరగతి గదిలో పరీక్ష

ఈ మాటను నమ్మవలసిన పని లేదు, పరీక్షింపవచ్చును. స్వరాలను పుట్టించే యాప్ గల సెల్‌ఫోన్లు రెండు చాలును. రెండింటిని మూరెడు దూరములో బల్ల మీద ఉంచి, మొదటి దానిలో 2000 కంపనాల స్వరము, రెండవ దానిలో 2200 కంపనాల స్వరము పెట్టవలెను. ఒకే ఫోనులో రెండు స్వరాలు పెట్టరాదు. ఆ చిన్న స్పీకరే సొంత డిస్టార్షన్ చేర్చి ప్రయోగాన్ని చెడగొట్టును. ఇప్పుడు రెండవ స్వరాన్ని నెమ్మదిగా 2600 వరకు పెంచవలెను. అది పైకి పోతూ ఉండగా, మరొక స్వరము 1800 నుంచి 1400కు క్రిందికి దిగుతుంది. రెండు ఫోన్లలో ఏదీ క్రిందికి దిగడము లేదు. మరి దిగుతున్నది ఎవరు? మూడవ ఫోనులో పౌనఃపున్యాలను గీసి చూపే యాప్ తెరిస్తే, దాని మీద రెండు గీతలే ముఖ్యముగా కనబడును. దిగుతున్న స్వరానికి సరిపడే గీత అక్కడ ఉండదు.

ఫోన్లను చెవికి ఆనించరాదు, ఇయర్‌ఫోన్లు వాడరాదు, కొద్ది సెకన్లకు మించి వినిపింపరాదు. అందరికీ ఈ స్వరము ఒకే బలముతో వినబడదు. వినబడని విద్యార్థిని అజాగ్రత్తపరుడని అనుకొనరాదు.

గుణదోషాలు

ఈ సంగీతములోని ముఖ్యగుణము ఇక్కడనే ఉన్నది. కొత్త కళ అనగానే, తెలిసినవారికే తెలియునన్న భావము శ్రోతలలో కలుగుతుంది. అమాకర్ మూడవ స్వరానికి అటువంటి దీక్ష అవసరము లేదు. రాగజ్ఞానము లేని విద్యార్థి కూడ దానిని వింటాడు. వినడమే కాక, అది ఎక్కడ పుట్టినదో పరీక్షించి చెప్పగలడు. వినడమంటే అందుకొనడము మాత్రమే కాదని ఏ ఉపన్యాసము కంటె స్పష్టముగా ఇది చూపుతున్నది.

దోషాలు మూడు చెప్పవచ్చును. మొదటిది వివరణకు సంబంధించినది. శ్రోతల చెవులే వాద్యాలై ధ్వనులను వెలువరిస్తాయని అమాకర్ వ్రాసినది; ఆమె అభిమానులు దీనిని ఇంకా పెంచి చెప్పినారు. చెవి నుంచి శబ్దము వెలువడుట నిజమే. కాని అది మిక్కిలి సన్ననిది; చెవి రంధ్రములో సున్నితమైన మైక్రోఫోను పెడితే గాని పట్టుబడదు. శ్రోతకు వినబడే మూడవ స్వరము ఆ వెలువడిన శబ్దము కాదు. కర్ణావర్తములోని పొర మీద పుట్టిన కంపనము అక్కడనే రోమకణాలను తాకి వినబడుతున్నది. అందులో స్వల్పభాగము మాత్రమే వెనుకకు కారి బయటకు వస్తున్నది. ఈ రెండింటిని ఒకటిగా చెప్పుట వలన మహిమ పెరిగినది గాని, అవగాహన పెరగలేదు.

రెండవ దోషము రచనల నిలుకడకు సంబంధించినది. ఇళ్లలో, శాలలలో ఆమె కట్టిన రచనలు ఆ గోడలతోనే ముడిపడినవి. వాటిని డిస్కులలో బంధించుటకు ఆమె అంతగా ఇష్టపడలేదు. 2009లో ఆమె మరణించిన తరువాత ఆ రచనలను తిరిగి నిలబెట్టుట కష్టమైనది. ఆమె వ్రాతలు, సంభాషణలు 2020లో పుస్తకముగా వచ్చినవి. అవి పరిశోధకులకు కొంత ఆధారము. ఒక ప్రయోగశాలలో జరిగినది మరొక ప్రయోగశాలలో జరగవలెనన్నది శాస్త్రధర్మము. ఈ గీటురాయి మీద చూస్తే, గోడల సంగీతము కంటె చెవి స్వరాల సంగీతమే ఎక్కువ కాలము నిలిచేది.

మూడవది అన్నిటి కంటె తీవ్రమైనది. ఈ సంగీతము పెద్ద శబ్దాన్ని కోరుతుంది. పనిస్థలాలలో రోజుకు 8 గంటలపాటు 85 డెసిబెల్‌లు మించరాదని అమెరికా ఆరోగ్యసంస్థ చేసిన సిఫారసు. ప్రతి 3 డెసిబెల్‌లకు ఆ కాలము సగమవుతుంది. ఆ లెక్కన 100 డెసిబెల్‌ల శబ్దములో ఉండదగిన కాలము 15 నిమిషాలు. అతిశబ్దము వలన ముందుగా దెబ్బతినేవి వెలుపలి రోమకణాలు. మనిషిలో అవి ఒకసారి నశిస్తే మరల మొలవవు. మూడవ స్వరాన్ని పుట్టించేవీ అవే. అనగా ఈ వాద్యాన్ని హద్దు మీరి వాయిస్తే వాద్యమే నశించును. అమాకర్ శబ్దస్థాయిని ఎంతో శ్రద్ధతో అమర్చేదన్నది నిజమే. కాని డిస్కు శ్రోత ఇంటికి చేరిన తరువాత ఆ శ్రద్ధ శ్రోతది మాత్రమే. స్థాయిని పెంచమని చెప్పిన చోటనే కాలపరిమితిని కూడ చెప్పి ఉండవలసినది.

వైద్యశాలలో అదే సూత్రము

సంగీతశాలలో వింతగా తోచిన ఈ స్వరమే నేడు పసిపిల్లలకు మేలు చేస్తున్నది. నిద్రిస్తున్న శిశువు చెవిలో చిన్న గొట్టము అమర్చి, సుమారు 1 : 1.2 నిష్పత్తిలో రెండు స్వరాలను మెల్లగా వినిపిస్తారు. వెలుపలి రోమకణాలు ఆరోగ్యముగా ఉంటే మూడవ స్వరము తిరిగి వచ్చి, గొట్టములోని మైక్రోఫోనుకు అందుతుంది. రాకపోతే వైద్యులు మరల పరీక్షిస్తారు. చెవి రంధ్రములో అడ్డు ఉన్నా, మధ్యచెవిలో నీరు చేరినా అది రాకపోవచ్చును. ఈ పరీక్ష రోమకణాల వరకే చెప్పగలదు. వాటి వెనుక ఉన్న నాడిని గురించి తెలుసుకొనుటకు వేరు పరీక్ష ఉన్నది. మాట నేర్చే వయస్సు రాక ముందే వినికిడి లోపము బయటపడితే బిడ్డకు భాష దక్కే అవకాశము ఎక్కువ.

శిశువు చెవిలో మెల్లని శబ్దానికి జరిగే పనినే అమాకర్ పెద్ద శబ్దముతో శాలలోని వందలమందికి తెలియజేసినది. ఆమెకు 2005లో ఆస్ట్రియా దేశములోని ఆర్స్ ఎలెక్ట్రానికా సంస్థ తన అత్యున్నత బహుమతి ఇచ్చినది. బహుమతి సంగతి ఎట్లా ఉన్నా, ధ్వని పాఠము చెప్పే ఉపాధ్యాయుడు ఆమె సంగీతము నుంచి రెండు విషయాలు తీసుకొనవచ్చును. చెవి బొమ్మ గీసినప్పుడు బాణపు గుర్తును లోపలికే కాక, సన్నగా ఒకటి బయటికి కూడ గీయుట మొదటిది. ఆ బాణాన్ని పుట్టించే కణాలు పన్నెండు వేలే ఉన్నవనీ, అవి జీవితమంతటికీ చాలవలెననీ చెప్పుట రెండవది.